నల్లగొండ జిల్దు దుకాణం, మాస్కో ఎడిటర్ పుస్తకం

నల్లగొండలో పాత పుస్తకాలు దాచుకున్నవాళ్లకి ముందే చెప్పేస్తున్నాను, కాగితాలు ఊడిపోతున్న పుస్తకం మీ ఇంట్లో ఏదైనా ఉంటే దాన్ని ఫెవికాల్‌తో అతికించకండి, ప్రకాశం బజార్ వెనక సందులో ఉన్న జిల్దు, అంటే బైండింగ్ దుకాణానికి పట్టుకెళ్లండి. బోర్డు ఉండదు. గడప పక్కన అట్టల కట్టలు, లోపల చక్రం తిప్పి బిగించే పాత కటింగ్ మిషను, మైదా జిగురు వాసన, అవే గుర్తు. పనిచేసే పెద్దాయన్ని అందరూ చాచా అనే పిలుస్తారు. ఆయనకి రోజు గడిచేది కాలేజీ పిల్లల రికార్డులతో, ఆఫీసు రిజిస్టర్లతో. కానీ చెయ్యి తిరిగింది మాత్రం పాత పుస్తకాల మీద.

నేను తీసుకెళ్లింది వ్లదీమిర్ లక్షిన్ అనే రష్యన్ సాహిత్య విమర్శకుడి పుస్తకం, 1980లో వచ్చిన ఇంగ్లీషు అనువాదం. హైదరాబాదులో ఆబిడ్స్ ఫుట్‌పాత్ మీద ఆదివారం పూట దొరికింది. లక్షిన్ పనిచేసింది నోవీ మీర్ అనే మాసపత్రికలో, ఆయన ఎడిటర్ అలెగ్జాండర్ త్వర్దోవ్‌స్కీ. ఆ పత్రిక, ఆ ఇద్దరు మనుషులు నాకు ఎంత ఇష్టమంటే, వాళ్ల గురించి ఎక్కడ ఏ కాగితం కనిపించినా జిరాక్స్ తీయించి దాచుకుంటూ వచ్చాను. సోవియట్ భూమి పత్రికలోంచి మా మేనమామ కత్తిరించి పెట్టుకున్న కాగితాలు కూడా నా దగ్గరికే చేరాయి. పుస్తకం ఒక జిల్దు, ఈ కాగితాలన్నీ కలిపి ఇంకో జిల్దు, ఇదీ చాచాకి నేను ఇచ్చిన పని.

ముందు కుట్టు గురించి చెప్పాలి. ఇప్పుడు ఎక్కడికెళ్లినా వెన్నుకి వేడి గమ్ము పూసి అట్ట తగిలించేస్తున్నారు. పది నిమిషాల పని. ఒకట్రెండు ఎండాకాలాలు గడిచేసరికి ఆ గమ్ము పెళుసెక్కి పేజీలు పేకముక్కల్లా రాలతాయి. నా పుస్తకానికి జరిగింది అదే, ఇదివరకు వేరే ఊళ్లో ఒక షాపువాళ్లు చేసిన పని అది. అదృష్టంకొద్దీ వాళ్లు వెన్ను కొయ్యకుండా పైనుంచే గమ్ము పోశారు కాబట్టి ఫారాలు, అంటే మడతపెట్టిన పేజీల చిన్న కట్టలు, బతికాయి. చాచా దాన్ని అటూ ఇటూ తిప్పి చూసి, "గిది గమ్ముతోని ఆగదు సార్, కుట్టాలె" అన్నారు, అంతే, బేరం కూడా ఆ తర్వాతే.

ఆయన పని చూడాల్సిందే. తడిగుడ్డ వేసి గమ్ము మెత్తబడేదాకా ఆగి, మొద్దు కత్తితో గీకి, పదహారేసి పేజీల ఫారాలు విడదీసి, నంబర్ల వరస చూసుకుని, మడత చిరిగినచోట పల్చటి కాగితం పట్టీ అంటించి ఆరబెట్టారు. తర్వాత వెన్ను మీద చిన్న రంపంతో గాట్లు పెట్టి, మైనం రాసిన నూలుదారంతో ఒక్కో ఫారం మడత మధ్యలోంచి కుట్టుకుంటూ పోయారు. జిగురు ఆయన స్వయంగా ఉడికించుకున్న మైదాదే, పురుగు పట్టకుండా అందులో మైలతుత్తం కలుపుతారు. అట్ట మీద నల్ల క్యాలికో గుడ్డ. ఇప్పుడా పుస్తకం బల్ల మీద పెట్టి ఎక్కడ తెరిచినా వెడల్పుగా పరుచుకుంటుంది, చెయ్యి తీసినా మూసుకుపోదు. వెనక ఎవరో పెన్సిల్‌తో గీసిన గీతలు కూడా చెక్కుచెదరలేదు.

రెండో కట్ట దగ్గర తిరకాసు వచ్చింది. విడి కాగితాలకి ఫారాలుండవు, పక్కనుంచి కుట్టాల్సిందే, దానికి ఎడమవైపు కనీసం అంగుళం ఖాళీ కావాలి. నా జిరాక్సుల్లో సగం అంచు దాకా అక్షరాలే. "జాగ లేకుంటె సూది యాడ దింపాలె సార్?" అని ఆయన అడుగుతుంటే నాకు వెంటనే నోవీ మీర్ ఆఫీసుకి 1961 చివర్లో వచ్చిన ఒక టైపు ప్రతి గుర్తొచ్చింది. అంచులు వదలకుండా, రెండు వైపులా, వరసకి వరస ఆనుకునేలా కొట్టిన కాగితాలు. రాసినాయన రియాజాన్‌లో ఫిజిక్స్ చెప్పే స్కూలు మాస్టారు, పేరు సోల్జెనిత్సిన్, స్టాలిన్ జైలు శిబిరాల్లో ఎనిమిదేళ్లు ఉండి వచ్చినవాడు. కాగితం దొరక్క కాదు, దాచిపెట్టడానికి వీలుగా చిన్నకట్ట అవ్వాలని అలా కొట్టాడు.

ఆ కట్టని ముందు చదివింది ఆన్నా బెర్జెర్ అనే ఆమె. పత్రికలో కథల విభాగం చూసే మామూలు ఉద్యోగి. మామూలు దారిలో పంపితే మధ్యలో ఉన్న సహాయ సంపాదకుల దగ్గరే ఆగిపోతుందని ఆమెకి తెలుసు. అందుకని శుభ్రంగా మళ్లీ టైపు చేయించి, సమయం చూసుకుని నేరుగా త్వర్దోవ్‌స్కీ చేతికే ఇచ్చింది, ఒక రైతు కళ్లతో చూసిన శిబిరం ఇది అని చెప్పి. త్వర్దోవ్‌స్కీ పల్లెటూరి మనిషి కాబట్టి ఆ మాట ఆయన్ని కదిలిస్తుందని ఆమె సరిగ్గా అంచనా వేసింది. ఆయన రాత్రి పక్కమీద పడుకుని చదవడం మొదలుపెట్టి, కొన్ని పేజీలయ్యాక ఇది పడుకుని చదివేది కాదనుకుని, లేచి బట్టలు మార్చుకుని కూర్చుని, తెల్లారేదాకా రెండుసార్లు చదివాడని సోల్జెనిత్సినే తర్వాత రాశాడు. నాకు ఎడిటర్ అంటే ఆ మనిషే. అప్పటికి ఆయనకి పేరుంది, బహుమతులున్నాయి, పార్టీ కేంద్ర కమిటీలో అభ్యర్థి సభ్యత్వం ఉంది. ఎవరో ఊరూపేరూ లేని మాస్టారి కాగితాల కోసం అర్ధరాత్రి లేచి బట్టలు వేసుకోవాల్సిన అవసరం ఆయనకి లేదు.

అచ్చు వేయడానికి ఏడాది పట్టింది. మామూలు సెన్సారుకి పంపితే అక్కడితో కథ ముగుస్తుంది, కాబట్టి పెద్ద రచయితల చేత అభిప్రాయాలు రాయించి, అప్పటి సోవియట్ అధినేత కృశ్చేవ్ దగ్గర పనిచేసే లెబెదెవ్ ద్వారా పైకి పంపాడు. పిత్సుందాలో సెలవుల్లో ఉన్న కృశ్చేవ్‌కి లెబెదెవ్ దాన్ని చదివి వినిపించాడు. పార్టీ పెద్దల కోసం ఇరవై పైచిలుకు కాపీలు హడావిడిగా కొట్టించారు. చివరికి 1962 నవంబరు సంచికలో 'ఇవాన్ దెనీసొవిచ్ జీవితంలో ఒక రోజు' వచ్చింది, దాదాపు 97 వేల కాపీలు, దుకాణాల్లో నిలవలేదు.

ఇక్కడే చాచా పనికీ ఆ దేశానికీ దగ్గర సంబంధం ఉంది. ఆ రోజుల్లో సోవియట్ పాఠకులు లావుపాటి మాసపత్రికల్లోంచి తమకి నచ్చిన నవల కాగితాలు జాగ్రత్తగా విడదీసి, విడిగా జిల్దు కట్టించుకుని అల్మరాలో పెట్టుకునేవాళ్లు. పుస్తకంగా వస్తుందో రాదో, వచ్చినా దొరుకుతుందో లేదో, రేపు లైబ్రరీల్లోంచి ఎత్తేస్తారో ఏమో. ఈ కథకి సరిగ్గా అదే గతి పట్టింది, 1974లో సోల్జెనిత్సిన్‌ని దేశం నుంచి వెళ్లగొట్టాక ఆయన పుస్తకాలన్నీ లైబ్రరీల నుంచి తీసేశారు. ఇళ్లలో మిగిలింది ఆ జిల్దులే. ఇది చాచాకి చెప్తే ఆయన ఏమాత్రం ఆశ్చర్యపోలేదు. వారపత్రికల్లో సీరియళ్లు చింపి, వరసగా పేర్చి, బొమ్మలతో సహా జిల్దు కట్టించుకున్న ఇళ్లు ఈ జిల్లాలో ఎన్నో ఉన్నాయి, ఒకప్పుడు తన పనిలో సగం అదేనన్నారు. దేవరకొండ వైపు నుంచి ఒక టీచరమ్మ బస్సులో సంచీడు సీరియళ్లు మోసుకొచ్చేదట, ఒక్క వారం కాగితం తక్కువైనా దొరికేదాకా కుట్టనిచ్చేది కాదట.

పనవుతున్నంతసేపూ ఆయన అడుగుతూనే ఉంటారు, ఈ సర్వీసులో నాకు బాగా నచ్చింది అది కూడా. చేతిలో ఉన్న పుస్తకం ఎవరిది, ఏం రాశాడు, ఎందుకు దాచుకుంటున్నావు. త్వర్దోవ్‌స్కీ తండ్రి సంగతి చెప్పాల్సి వచ్చింది. 1910లో స్మోలెన్స్క్ దగ్గర జాగోర్యే అనే చోట పుట్టాడు, తండ్రి త్రీఫన్ కొలిమి పని చేసుకునేవాడు, కాస్త భూమి ఉంది. 1931లో ధనిక రైతు అని ముద్ర వేసి ఇంటిల్లిపాదినీ ఉరల్ వైపు తోలేశారు. చాచా సూది ఆపి, "కమ్మరాయన దొరెట్లయితడు సార్?" అన్నారు. నల్లగొండ జిల్లాలో దొర అన్న మాటకి ఎంత బరువుందో తెలిసినవాళ్లకి ఆ ప్రశ్న ఎక్కడినుంచి వచ్చిందో నేను చెప్పక్కర్లేదు. నా దగ్గర జవాబు లేదు, త్వర్దోవ్‌స్కీకి కూడా చాలాకాలం లేదు. ఇరవై ఏళ్ల కుర్రాడు అప్పుడు, కవిగా పైకొస్తున్నాడు. సాయం అడగడానికి వెళ్తే, అమ్మానాన్నా కావాలో విప్లవం కావాలో తేల్చుకోమన్నారు పార్టీవాళ్లు. ప్రవాసం నుంచి పారిపోయి వచ్చిన తండ్రికి ఆయన ఇంట్లో చోటివ్వలేదని తమ్ముడు ఇవాన్ చాలా ఏళ్ల తర్వాత రాశాడు. కుటుంబం అక్కడ అలా ఉండగానే ఇక్కడ సమష్టి వ్యవసాయం మీద పద్యకావ్యం రాశాడు, దానికే 1941లో స్టాలిన్ బహుమతి వచ్చింది.

ఇది దాచి ఆయన్ని మెచ్చుకోవడం నాకు ఇష్టం లేదు. చేసిన తప్పు ఆయన కడదాకా మోశాడు. యుద్ధకాలంలో రాసిన 'వసీలీ త్యోర్కిన్' కావ్యం సైనికుల నోళ్లలో నానింది, అంత పేరు వచ్చాక హాయిగా కూర్చోవచ్చు. 1950లో నోవీ మీర్ చేతికొస్తే, 1953 డిసెంబరులో సాహిత్యంలో నిజాయితీ ఏదని నిలదీసే వ్యాసం వేశాడు, అలాంటివి మరికొన్ని వేశాడు, 1954లో ఉద్యోగం పోయింది. 1958లో మళ్లీ పిలిచి కుర్చీ ఇచ్చారు, వచ్చిన ఏడాదే కిర్గిజ్ రచయిత ఐత్మాతోవ్ 'జమీల్యా' ఆ పత్రికలో అచ్చయింది. మన తెలుగువాళ్లు తరాల తరబడి చదివి కళ్లు తుడుచుకున్న జమీల్యాకి తొలి రష్యన్ అచ్చు ఈయన చేతిమీదుగానే జరిగిందని తెలిసినప్పుడు నాకు ఎంత సంతోషం వేసిందో!

లక్షిన్ 1933లో పుట్టినవాడు, త్వర్దోవ్‌స్కీ కన్నా ఇరవై మూడేళ్లు చిన్న. అరవైల మొదట్లో విమర్శ విభాగానికి వచ్చాడు, తర్వాత్తర్వాత ఎడిటర్‌కి కుడిభుజం అయ్యాడు, పైవాళ్లు ఆ పదవిని కాగితం మీద ఖాయం చేయకపోయినా. 1964లో ఆయన రాసిన వ్యాసం ఒకటుంది, ఇవాన్ దెనీసొవిచ్‌కి మిత్రులెవరు శత్రువులెవరు అని. అప్పటికి ఆ కథ మీద దాడి మొదలైంది, హీరో పోరాడడేం, తిండి గురించే ఆలోచిస్తాడేం అని. లక్షిన్ కోపంగా అరవడు. విమర్శకులు రాసిన వాక్యాలు ఒక్కొక్కటే పట్టుకుని, ఈ ఖైదీని ఇలా చూసేవాడు అసలు జనాన్ని ఎలా చూస్తున్నాడు అని నెమ్మదిగా అడుగుతూ పోతాడు. ఒక మామూలు మేస్త్రీ తరఫున నిలబడి రాసిన విమర్శ అది. సాహిత్య విమర్శ అంటే పెద్ద పెద్ద సిద్ధాంతాల పేర్లు తప్ప ఏమీ ఉండదనుకునేవాళ్లు లక్షిన్‌ని చదవాలి.

ఇక 1966 తర్వాత ప్రతి సంచికా ఒక యుద్ధమే, సెన్సారు ఆపడం, సంచిక ఆలస్యం కావడం, పైనుంచి ఫోన్లు, టెన్షన్. సోల్జెనిత్సిన్ 'కేన్సర్ వార్డు' మొదటి అధ్యాయాలకి అక్షరాలు కూర్చి సిద్ధం చేశాక కూడా అనుమతి రాలేదు. 1969 జూలైలో పదకొండు మంది రచయితలు అగన్యోక్ వారపత్రికలో నోవీ మీర్ మీద లేఖ వేశారు. 1970 ఫిబ్రవరిలో ఎడిటర్‌ని తీసేయలేదు, ఆయన చుట్టూ ఉన్నవాళ్లని, లక్షిన్, కొంద్రతోవిచ్, వినోగ్రాదోవ్, సాట్స్‌లని, తీసేసి వేరేవాళ్లని పెట్టారు. మనుషుల్ని పోగొట్టుకుని కుర్చీలో కూర్చోలేక త్వర్దోవ్‌స్కీ రాజీనామా ఇచ్చాడు. ఆ మే నెలలోనే జొరేస్ మెద్వెదెవ్ అనే శాస్త్రవేత్తని పిచ్చాసుపత్రిలో పెడితే, పదవి లేని ఈ పెద్దాయన కలూగా దాకా వెళ్లి చూసొచ్చాడు. 1971 డిసెంబరు 18న పోయాడు, 61 ఏళ్లకి.

నేను కట్టించిన పుస్తకం ఆ తర్వాత కథ. సోల్జెనిత్సిన్ 1975లో తన జ్ఞాపకాల్లో త్వర్దోవ్‌స్కీని ప్రేమగానే రాస్తూ, తాగుడు, భయాలు, పార్టీ మీద మమకారం అన్నీ బయటపెట్టాడు, పత్రికని చిన్నచూపు చూశాడు. లక్షిన్ దానికి జవాబు రాశాడు. త్వర్దోవ్‌స్కీ తాగేవాడు, నిజమే, మరి పదహారేళ్లు ఆ పత్రికని నిలబెట్టింది ఎవరు, నీ కాగితాల కోసం పైదాకా వెళ్లింది ఎవరు అని ఆయన వాదన. నేను మొత్తం మీద లక్షిన్ పక్షమే. సోల్జెనిత్సిన్ ఎంత పెద్ద రచయితైనా, ఒక పత్రిక తన ఒక్కడి కోసమే పుట్టినట్టు మాట్లాడితే నేను ఒప్పుకోలేను. అందులో రాసిన మిగతా వందలమంది సంగతేంటి, ఆన్నా బెర్జెర్ సంగతేంటి. అయితే లక్షిన్ కూడా కొన్నిచోట్ల గురువుగారి మీద ఈగ వాలనివ్వడు, అక్కడ పుస్తకం కొంచెం నీరసపడుతుంది.

లక్షిన్‌కి తొలగించేనాటికి 36 ఏళ్లు. విదేశీ సాహిత్యం అచ్చువేసే ఇంకో పత్రికలో ఒక మూలన పెట్టారు, సమకాలీన సాహిత్యం మీద రాయనివ్వలేదు, పాత నాటకకర్త అస్త్రోవ్‌స్కీ మీద పుస్తకం రాసుకున్నాడు. రోజులు మారాక జ్నామ్య పత్రికలో పెద్ద బాధ్యత దొరికింది. త్వర్దోవ్‌స్కీ తన తండ్రి గురించి రాసిన ఆఖరి కావ్యం, 'జ్ఞాపకపు హక్కుతో', బతికుండగా సొంత పత్రికలోనే వేసుకోలేకపోయినది, 1987లో మొదట ఆ జ్నామ్యలోనే వచ్చింది. కొడుకు తండ్రికి బాధ్యుడు కాడన్న స్టాలిన్ మాట ఉంది చూశారా, దాన్ని పట్టుకుని నిలదీసే కావ్యం అది. లక్షిన్ 1993లో పోయాడు.

చాచా అల్మరాలో గోలకొండ కవుల సంచిక కూడా ఉంది, ఎవరో పంతులుగారు కట్టించుకోడానికి ఇచ్చారట, వెన్ను ఎర్ర క్యాలికో. తెలంగాణలో కవులే లేరన్న మాటకి జవాబుగా 1934లో 354 మంది కవుల్ని ఒక్కచోట చేర్చిన సురవరం ప్రతాపరెడ్డి మన పాలమూరు మనిషి, నిజాం కాలంలో 1926 నుంచి గోలకొండ పత్రిక నడిపిన ఎడిటర్. రష్యా దాకా ఎందుకు, ఈ నల్లగొండలోనే 1922లో షబ్నవీసు వెంకట రామ నరసింహారావు నీలగిరి పత్రిక పెట్టారు. ఆ సంచికలు ఎవరింట్లోనైనా అటక మీద ఉంటే దయచేసి తూకానికి వేయకండి, ఈ దుకాణానికి తీసుకెళ్లండి. ఈ మాట బతిమాలి చెబుతున్నాను.

లోపాలు కూడా చెప్పాలి కదా. రేపు అంటే రేపు కాదు. పరీక్షల కాలంలో ప్రాజెక్టు రికార్డుల గుట్ట పడితే మీ పుస్తకం అడుగున వారాల తరబడి ఉండిపోతుంది, ఫోన్ చేసినా ఎత్తరు, ఒకసారి వెళ్లి కనిపించి రావాల్సిందే. వెన్ను మీద బంగారు అక్షరాలు ఆయన దగ్గర లేవు, చీటీ అంటించి చేత్తో పేరు రాస్తారు, తెలుగూ ఉర్దూ ముచ్చటగా రాస్తారు గానీ ఇంగ్లీషు రాత అంత బాగోదు, నా పుస్తకానికి తెలుగులోనే రాయించుకున్నాను. అంచులు కత్తిరించవద్దని గట్టిగా చెప్పండి. చెప్పకపోతే అలవాటుగా మూడు వైపులా మిషను కింద పెట్టేస్తారు, మార్జిన్‌లో ఎవరైనా రాసుకున్న మాటలు పోతాయి. జిరాక్సులు తీయించేటప్పుడే ఎడమవైపు అంగుళం వదిలించుకోండి. నావి మళ్లీ కాస్త చిన్న సైజులో తీయించాల్సి వచ్చింది.

ధర న్యాయంగా ఉంది. మామూలు సైజు పుస్తకానికి కుట్టు, క్యాలికో కలిపి 250 రూపాయలు తీసుకున్నారు, చిరిగిన మడతలకి పైన ఇంకొంచెం. గమ్ము బైండింగ్ ఇందులో సగానికే అయిపోతుంది, కావాలంటే అది కూడా చేస్తారు, కానీ అడిగేముందు ఆయన మొహం చూడండి. ఇనప ప్రెస్సులో రాత్రంతా బిగించి ఉంచాకే చేతికిస్తారు, ఇంటికొచ్చాక కూడా నాలుగు రోజులు బరువు కింద పెట్టమంటారు, పెట్టండి. వానాకాలంలో జిగురు ఆరదు, ఎండలు ముదిరేముందు వెళ్తే మేలు. శుక్రవారం మధ్యాహ్నం మూసి ఉంటుంది.

నా రెండో జిల్దు ఇంకా అక్కడే ఉంది, ఈ నెలాఖరుకి ఇస్తానన్నారు.